కత్తికి నాలుగు పూలు

"దయ్యం చెప్పిందని ఎఫ్‌ఐఆర్‌లో రాస్తే నన్ను పిచ్చాసుపత్రిలో వేస్తారు," అన్నాడు ఇన్‌స్పెక్టర్ హేమంత్‌కుమార్. అన్నాడే కానీ, బూట్లు విప్పి ఆదెమ్మ ఇంట్లో చాప మీద కూర్చున్నాడు.

కూర్చోక ఏం చేస్తాడు పాపం! 1998 అది. బెంగళూరులో, హెచ్‌ఎస్‌ఆర్ లేఅవుట్ అవతల నీలగిరి తోపులో వరసగా ముగ్గురు ఆడపిల్లలు హత్యకు గురయ్యారు. ముగ్గురూ గార్మెంట్స్ ఫ్యాక్టరీలో కుట్టుపని చేసేవాళ్లే. పోలీసు కుక్క వచ్చి తోపంతా వాసన చూసి, తిన్నగా వెళ్లి ఇన్‌స్పెక్టర్ జీపెక్కి కూర్చుంది. ఎండకి అలిసిపోయిందన్నారు. పేపర్లవాళ్లు మాత్రం పోలీసుల్ని ఉతికి ఆరేస్తున్నారు.

చివరగా పోయిన పిల్ల మునిలక్ష్మి, పూలమ్ముకునే ఆదెమ్మకు పెద్దకూతురు. సాంబ్రాణి పొగ తగిలితే చాలు, ఆ పిల్ల తల్లి ఒంటి మీదకి వచ్చి మాట్లాడుతోందని వీధంతా గోల.

హెడ్ కానిస్టేబుల్ వెంకటరాయప్ప నిప్పుల మీద సాంబ్రాణి చల్లాడు. ఆదెమ్మ ఊగింది. గొంతు పడుచుపిల్ల గొంతయింది.

"సార్... నన్ను చంపినోడు..."

"ఆగమ్మా! పేరు చెప్పొద్దు," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "దయ్యం చెప్పిన పేరు కోర్టులో నిలబడదు. సాక్ష్యం ఏదన్నా ఉంటే చెప్పు."

ఎంత తెలివైన ఆఫీసరో అని వాకిట్లో జనం మెచ్చుకున్నారు. దయ్యం కూడా కాసేపు ఆలోచించినట్టుంది.

"తోపులో పాడుబావి ఉండాది. మెట్ల సందున కత్తి ఉండాది. పిడి మీద రగతంలో వాని వేలిముద్రలు ఉండాయి సార్."

వెళ్లి చూస్తే నిజంగానే ఉంది! ఇన్‌స్పెక్టర్ స్వయంగా దాన్ని రుమాల్లో చుట్టి స్టేషన్ బీరువాలో పెట్టాడు. దసరా సెలవులు కాగానే ల్యాబుకి పంపుదామన్నాడు.

ఆదెమ్మకు మిగిలిన బెంగ ఒక్కటే. చిన్నకూతురు మల్లమ్మదీ అదే ఫ్యాక్టరీ, అదే తోపు దారి.

"వాడు దొరికేదాకా నాకు ముద్ద దిగదు సార్. నాకింగ ఉండేది అదొక్కతే."

"భయపడకమ్మా. అప్పటిదాకా మల్లమ్మను నేనే జీపులో దింపుతాను."

ఆదెమ్మ రెండు చేతులెత్తి దండం పెట్టింది. ఇన్‌స్పెక్టర్ వెంకటరాయప్ప వైపు తిరిగాడు. "ఈసారి ఆయుధ పూజ ఘనంగా జరగాలి. స్టేషన్లో ఇనుము అన్నది ఒక్కటి కూడా పూజ లేకుండా ఉండకూడదు. ఇవిగో తాళాలు."

పండగనాడు జీపుకి అరటిపిలకలు కట్టారు. గేటు ముందు గుమ్మడికాయ పగలగొట్టారు. ఆదెమ్మ గంపెడు పూలు తెచ్చింది. బల్ల మీద తుపాకులు, లాఠీలు, బేడీలు. వాటి పక్కనే కత్తి! చింతపండుతో తోమి, సాన పట్టించి, పసుపు కుంకుమ పెట్టారేమో, తళతళలాడిపోతోంది.

ఇన్‌స్పెక్టర్ తల పట్టుకున్నాడు. "నీ భక్తి తగలెయ్యా! వేలిముద్రలయ్యా! కేసంతా దాని మీదే ఉంది కదయ్యా!"

"ఒగటీ వదలొద్దంటిరి కదా సార్," నీళ్లు నమిలాడు వెంకటరాయప్ప. "పాపం, ఇదొక్కటే బీరువాలో మూలకి పడుండాదని, దీనికీ నాలుగు పూలు పెడితిని."

ఆదెమ్మ కూలబడిపోయింది. ఆ పూలు ఆమె కట్టినవే.

ఇదేమీ పట్టని పూజారి హారతికి ముందు సాంబ్రాణి వేశాడు. పొగ గదంతా కమ్ముకుంది. ఆదెమ్మ ఊగుతూ లేచి, బల్ల మీది కత్తి అందుకుంది. వెంకటరాయప్ప ఆమె కాళ్ల మీద పడ్డాడు.

"తప్పయిపాయ తల్లీ!"

"నీదేం తప్పులేప్పా, బాగా సాన పట్టించిండావు," అంది మునిలక్ష్మి గొంతు.

తర్వాత ఇన్‌స్పెక్టర్ వైపు తిరిగింది. "ఇంగ కోర్టుతో పని లేదు కదా ఇన్‌స్పెక్టర్ సార్, ఆ పొద్దు తోపులో దీన్ని పట్టుకున్న చెయ్యి ఒకసారి ఇట్ల చాపండి."