రెప్పల్లేని సిగ్గు

ఇందులో ఒక్క ముక్క అబద్ధమున్నా నా బోసినోట్లో ముప్ఫైరెండు పళ్ళూ రాలిపోవుగాక!

మన పెరటి వెనక మడుగులో తాటిపండంత కళ్ళున్న బొచ్చె చేప ఉండేది. అడుగు బురదలో మీసాల జెల్ల చేప పగలంతా కళ్ళు తెరుచుకుని కదలకుండా ఉండటం చూసి, "నా పిల్లలకి దిష్టి పెడుతున్నాడు, వీణ్ణి వెళ్ళగొట్టండి!" అని చేపలన్నిటినీ పోగేసింది. ఆ అరుపులకి ఏడూళ్ళ కొంగలు ఎగిరిపోయాయి.

జెల్ల ఉలిక్కిపడి లేచాడు. "నిద్రపోతున్నాను వదినా! రాత్రంతా చీకట్లో మీసాలతో తడుముకుని తింటాను, పగలు పడుకుంటాను."

"కళ్ళు తెరుచుకునా నిద్ర? ఎవరికి చెబుతావులే!"

"మన జాతికి రెప్పలెక్కడివి? రాత్రిళ్ళు నువ్వూ నాకేసి గుడ్లప్పగించే నిద్రపోతావు. నేనెప్పుడైనా రచ్చ చేశానా? చీకట్లో దారి తప్పిన నీ పిల్లల్ని మీసంతో తట్టి నీ పక్కకి తోసేదీ నేనే."

మడుగంతా బొచ్చెవైపు తిరిగింది. కళ్ళు మూసుకుందామంటే రెప్పల్లేవు. అందరి మొహాలూ చూస్తూనే ఉండాల్సొచ్చింది. పాపం, సిగ్గుతో దాని ఒంటి వేడికి మడుగు నీళ్ళు కాగిపోయాయి!

"పడుకో మరిదీ, ఎండ తగలకుండా నేను అడ్డుంటాను" అని గొణిగి, తన వెడల్పాటి ఒళ్ళు జెల్లకి నీడగా పెట్టింది.

ఊఁ, కూర్చుని కథ విన్నది చాలు, మనవడా. పొద్దు వాలుతోంది, జెల్ల లేచే వేళ. ఈ గుప్పెడు తవుడు మడుగులో చల్లి రా.