అవతల పడ్డ రెండు ఓట్లు

పోలింగ్ బూత్‌ల వారీ లెక్కలు గోవిందన్ టీ కొట్టుకి చేరాయి. అక్కడ పడిన ఓట్లన్నీ ఊరిని ఏలే పార్టీకే. రెండు తప్ప.

“ఇద్దరా!” అన్నాడు గోవిందన్, టీ తిరగబోయడం ఆపి. “ఎప్పుడూ ఒకడే కదా ద్రోహి! ఈసారి పిల్లల్ని కూడా పెట్టాడా?”

అనఘకి అరటిపండు బజ్జీ గొంతులో అడ్డం పడింది. ఆ రెండింట్లో ఒకటి ఆమెదే.

ఆమె కేరళలో అవతలి పార్టీకి పట్టున్న కొట్టాయం పిల్ల. ఓటర్ల మనసు మీద పరిశోధన చేస్తూ కన్నూరు జిల్లాలోని ఈ ఊరికి వచ్చింది. ప్రతి ఎన్నికలోనూ ఇక్కడ సరిగ్గా ఒక్క ఓటే అవతల పడుతోంది. ఆ ధైర్యశాలి ఎవరో కనుక్కోవాలని బయల్దేరి, షిజిత్‌ని కనుక్కుని పెళ్లాడేసింది. తీరా చూస్తే మామగారు చాత్తుకుట్టి ఊరి పార్టీ సెక్రటరీ! కోడలి ఓటు సంగతి బయటపడితే ఆయన పదవి ఊడుతుంది. కొత్త కాపురంలో నిప్పు పడుతుంది.

అయినా లోలోపల ఓ గిలిగింత. తనకి తోడు ఇంకొకరున్నారు. ఎవరు? చూపు తప్పించే దర్జీ బాలనా? కొబ్బరి తురుముతూ తనలో తాను నవ్వుకునే అత్తగారా?

“ఏమే, ఆ చూపేంటి? నా మొహాన ఓటు రాసుందా?” అంది వంటింట్లో అత్తగారు నారాయణి.

“మీరేమోనని, అత్తయ్యా...”

“మీ మామగారితో ఇన్నేళ్లు కాపురం చేశాక ఇంకా ధైర్యం ఎక్కడ మిగిలిందే నాకు!”

ధైర్యశాలి వల్ల ఊరికి మేలే జరిగిందని అనఘ నమ్మకం. పక్క ఊళ్లో ఓసారి అవతల ఒక్క ఓటూ పడలేదు. అన్నీ పార్టీవాళ్లే గుద్దుకున్నారని గోల లేచి, మళ్లీ పోలింగు పెట్టారు. ఈ ఊరికి ఆ మాట ఎప్పుడూ రాలేదు.

చాత్తుకుట్టి మాత్రం పొద్దుటినుంచీ కాలుగాలిన పిల్లిలా తిరుగుతున్నాడు. కనబడినవాణ్ణల్లా నిలదీస్తున్నాడు.

“ఆ ఒక్కడెవడ్రా?”

“ఒక్కడు కాదు నాన్నా, ఇద్దరు,” అన్నాడు షిజిత్.

“ముందు ఒకణ్ణి దొరకనీరా!”

సాయంత్రం గ్రంథాలయంలో మీటింగు. ద్రోహుల పేర్లు చెప్పాల్సింది సెక్రటరీయే. బయల్దేరబోతూ ఆయన కోడల్ని పెరట్లోకి పిలిచాడు.

“అమ్మాయ్, ఈసారి మన బూత్‌లో కొత్త ఓటు నీదొక్కటే. నిజం చెప్పు, నువ్వేనా?”

అడిగినవాడి మొహం చూసి జనం అబద్ధం చెబుతారని ఆమె పరిశోధన మొత్తం ఘోషిస్తోంది. కానీ ఆ కళ్లముందు అబద్ధం పెగల్లేదు.

“నేనే మామయ్యా. పుట్టింటి అలవాటు. మీకు తలవంపులు తెచ్చాను. నా పేరు చెప్పెయ్యండి. కానీ ఆ రెండో ఆయన జోలికి మాత్రం వెళ్లకండి. పాపం, ఇన్నేళ్లుగా ఒంటరిగా...”

చాత్తుకుట్టి గుండెల నిండా గాలి పీల్చుకున్నాడు. పొద్దుటినుంచీ ముడిపడి ఉన్న నుదురు విచ్చుకుంది.

“ఎవరి పేరూ చెప్పనులే,” అన్నాడు పంచె పైకి మడిచి కట్టుకుంటూ. రెండడుగులు వేసి, అటూ ఇటూ చూసి, వెనక్కి వచ్చి గొంతు తగ్గించాడు.

“వచ్చే ఎన్నికల్లోనూ నువ్వు అటే వేసేట్టయితే ముందుగా నాకో మాట చెప్పు తల్లీ, ఒక్కసారైనా నేను మన పార్టీకి వేసుకుంటాను.”