చర్చిలో ఖాళీ బల్ల

తెల్లవారేలోగా తొర్లేవ్ చేయాల్సిన పనులు: పడవ ఇంజనులో నూనె పొయ్యాలి, చేపల పీపాలు ఎక్కించాలి, రేవులో జర్మన్ కాపలావాళ్ల చేత అనుమతి ముద్ర వేయించుకోవాలి, పీపాల వెనక దాక్కున్న టీచరమ్మ ఆస్లా దగ్గకుండా చూడాలి.

నార్వే జర్మన్ల చేతికి చిక్కాక ఇది రెండో చలికాలం. ఆస్లా తన బడిపిల్లలందరి కాలర్లకీ పేపర్ క్లిప్పులు పెట్టించింది. జర్మన్లకి ఎదురుగా మేమంతా ఒకటే అని దాని అర్థం. అప్పట్నుంచీ ఆమె కోసం ఊరు గాలిస్తున్నారు. సముద్రం దాటిస్తూ దొరికితే ఇద్దరినీ కాల్చేస్తారు.

తొర్లేవ్‌కి ఆ భయం చాలదన్నట్టు ఊరి వెలి ఒకటి. జర్మన్ల దగ్గర జీతం తీసుకుని అందరి గుట్టూ చేరవేస్తున్నాడని పుకారు. మొన్న ఆదివారం చర్చిలో అతను కూర్చోగానే ఆ బల్ల మీదవాళ్లంతా లేచిపోయారు.

"జర్మన్లకి అల్లుడుగారు వేంచేశారు, చోటివ్వండర్రా," అన్నాడు పీపాలు చేసే యెన్స్.

పక్కన భార్య హెర్బోర్గ్ ఒక్కతే మిగిలింది, తల దించుకుని.

ఇంటికొచ్చాక తొర్లేవ్ ఉడికిపోయాడు. "ఎవడు పుట్టించాడో తెలిస్తే నాలుక కోస్తాను."

ఆమె బంగాళాదుంపల తొక్క తీస్తూనే ఉంది. "ముందు టీచరమ్మని దాటించు," అంది.

ఇప్పుడు రేవులో సైనికులు ముందున్న పడవలోని పీపాలన్నీ దొర్లించి, సందుసందునా ఇనపచువ్వలు పొడుస్తున్నారు. తొర్లేవ్ వంతు వచ్చింది. చువ్వ పట్టుకున్న సైనికుడు పడవలో కాలు పెట్టాడు. పీపాల వెనక ఏదో కదిలింది.

సార్జెంటు పేరు అడిగాడు. చెప్పగానే పకపకా నవ్వాడు.

"నువ్వేనా? నీ పక్కన కుక్క కూడా కూర్చోదటగా."

సార్జెంటు సైనికుణ్ణి వెనక్కి పిలిచి, ముద్ర కొట్టి, మావాణ్ణే సోదా చేస్తే ఎలాగంటూ భుజం తట్టాడు.

తీరం కనుమరుగయ్యాక ఆస్లా వణుకుతూ పైకొచ్చింది. తిరిగెళ్లాక ఆ పుకారు పుట్టించినవాడి అంతు చూస్తానన్నాడు తొర్లేవ్.

"ఇవాళ మనల్ని బతికించింది ఆ మాటే కదయ్యా," అందామె.

ఆ మాట పుట్టించింది హెర్బోర్గేనని, జర్మన్లు అతన్ని తమవాడనుకోవాలనేనని తొర్లేవ్‌కి తెలీదు.