స్కేలు ఉందా అమ్మాయ్?

"ఒప్పుకున్నారు!"

ఆమె అరుపుకు వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చాడు భర్త.

"ఎవరు? దేనికి?"

"పత్రికవాళ్లు! నా వ్యాసం వేసుకుంటారట!"

ఇద్దరూ చేతులు పట్టుకుని గిర్రున తిరిగారు. వెనక పొయ్యి మీద పాలు పొంగి, చుయ్యిమని మంట ఆరిపోయింది. కొత్త కాపురం గనుక ఎవరూ ఎవర్నీ ఏమీ అనుకోలేదు.

ఆ వ్యాసం అచ్చయితేనే విశ్వవిద్యాలయంలో ఆమె కొలువు నిలిచేది. లేకపోతే ఆమె వేరే ఊళ్లో, అతను ఇక్కడ, కాపురం ఫోన్లో.

"అయితే మూటాముల్లె సర్దక్కర్లేదన్నమాట!"

"రెండో గండం గడిచింది శ్రీవారూ!"

రెండో గండమంటే రెండో సమీక్షకుడు. వ్యాసం వేసుకునేముందు పత్రిక దాన్ని ఇద్దరు పండితుల చేత పరీక్ష చేయిస్తుంది. వాళ్లెవరో రాసినవాళ్లకు తెలియకూడదు. మొదటాయన ఒక్క ముక్కలో భేషన్నాడు. రెండో ఆయన జలగలా పట్టుకున్నాడు.

అయస్కాంతాన్ని వేడి చేస్తూ పోతే ఒక స్థాయి వేడి దగ్గర దాని బలం పోతుంది. సరిగ్గా అక్కడ, లోపలి అణువులు పైకీ కిందికీ తిరిగిన తీరును నలుపు తెలుపు మచ్చలుగా గీస్తే, ఆ బొమ్మను ఎంత పెద్దది చేసి చూసినా అదే బొమ్మలా ఉంటుంది. అద్దంలో కుడి ఎడమలు సరిపోయినట్టు, ఇక్కడ చిన్నా పెద్దా సరిపోతాయి. ఇదీ ఒక సౌష్ఠవమే. ఆ వేడి దాటాక కూడా అది చెక్కుచెదరదని ఆమె వాదన.

గండంగారు ఒప్పుకుంటేనా!

"మీరు బొమ్మతోపాటు కొలబద్దను కూడా పెంచేశారు. ఇక తేడా ఎలా తెలుస్తుంది? కొలిచే చెయ్యి కదలకూడదు."

ఎన్నిసార్లు తిప్పి పంపినా చివరి వాక్యం అదే. ఇంట్లో అది ఊతపదమైపోయింది. భర్త కాఫీలో వేస్తూ కాస్త చక్కెర ఒలకబోస్తే చాలు, "కొలిచే చెయ్యి కదలకూడదు!" అని గద్దించేది.

తిట్టుకుంటూనే లెక్క మళ్లీ చేసింది. చెయ్యి కదపకుండా కొలిస్తే సౌష్ఠవం నిజంగానే పిసరంత చెదిరింది. పత్రిక మెచ్చింది ఆ పిసరునే.

"వ్యాసం చివర కృతజ్ఞతల్లో ఆయన్నీ తలుచుకోరాదూ?" అన్నాడు భర్త.

"మొదటాయనకు కృతజ్ఞతలు. ఈయనకు దూరం నుంచే ఓ దండం."

సాయంత్రం చాక్లెట్ల డబ్బా కొని ఇద్దరూ వీధి చివరి గ్రంథాలయానికి బయల్దేరారు. ఇల్లు అగ్గిపెట్టంత. ఆమె లెక్కలన్నీ అక్కడి బల్ల మీదే సాగాయి.

"మీ స్కేలు తాతగారికి రెండు ఎక్కువివ్వు," అన్నాడు భర్త దారిలో.

ఆమెకు నవ్వొచ్చింది. స్కేలు తాతగారంటే గ్రంథాలయంలో ఆమె ఎదుటి కుర్చీలో కూర్చుని పేపరు చదువుకునే పెద్దాయన. ఒకరోజు ఆమె పరుచుకున్న మచ్చల బొమ్మలను చాలాసేపు చూశాడు.

"స్కేలు ఉందా అమ్మాయ్?"

"ఇదిగో తాతగారూ," అని ప్లాస్టిక్ స్కేలు తీసిచ్చింది.

ఆయన దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"నీ బొమ్మ పెరిగినప్పుడు ఇదీ పెరుగుతుందా?"

"ప్లాస్టిక్ స్కేలు ఎక్కడైనా పెరుగుతుందాండీ?"

"పెరగదుగా?" పకపకా నవ్వాడు ఆయన. "అదీ సంగతి!"

ఆ పూట ఇంట్లో కడుపుబ్బ నవ్వుకున్నారు, పెద్దాయనకు కాస్త చాదస్తమని.

ఆ తర్వాత గండంగారి ఉత్తరం మళ్లీ వచ్చి ఆమె తల పట్టుకుని కూర్చున్న రోజున, ఆయన మళ్లీ మెల్లగా అడిగాడు.

"స్కేలు సంగతి ఆలోచించావా అమ్మాయ్?"

"ఆ స్కేలు మీరే ఉంచుకోండి తాతగారూ. నన్ను మాత్రం వదిలెయ్యండి!"

కాగితాలు తీసుకుని వేరే బల్ల దగ్గరికి వెళ్లిపోయింది. ఆయన తలూపి పేపర్లో తలదూర్చాడు. మళ్లీ పలకరించలేదు.

"ఇవాళ క్షమాపణ కూడా చెప్పేస్తాలే," అంది గ్రంథాలయం మెట్లెక్కుతూ.

ఎదుటి కుర్చీ ఖాళీగా ఉంది.

చాక్లెట్ అందుకున్న లైబ్రరీ మేడమ్ దాన్ని విప్పలేదు. సొరుగు లాగి ప్లాస్టిక్ స్కేలు తీసి బల్ల మీద పెట్టింది.

"మీకివ్వమన్నారు. పోయినవారం ఆసుపత్రికి వెళ్తూ ఇక్కడ ఆగి ఇచ్చారు. మళ్లీ రాలేదమ్మా. పోయారు."

ఆమె ఖాళీ కుర్చీ వైపు తిరిగింది.

"ఆ అమ్మాయి తీపి పంచుతూ వస్తుంది, ఆ రోజే ఇవ్వు, ముందు ఇవ్వొద్దు అని ఒట్టేయించుకున్నారు."

"నేను పంచుతానని ఆయనకెలా తెలుసు?"

"ఏమోనమ్మా. ఇంకో మాట కూడా చెప్పమన్నారు. నాకైతే ముక్క అర్థం కాలేదు." మేడమ్ గుర్తు చేసుకుంది. "ఈసారి కొలిచే చెయ్యి కదల్లేదు, శభాష్ అని చెప్పు అన్నారు."

డబ్బా ఆమె చేతిలోంచి జారి చాక్లెట్లు నేలంతా చెల్లాచెదరయ్యాయి. భర్త వంగి ఏరసాగాడు.

"ఆయన... ఆయన పేరేంటండీ?"

"పేపరు చదివేవాళ్లకు కార్డు అక్కర్లేదు కదమ్మా. నేనూ తాతగారనే పిలిచేదాన్ని. వాళ్లమ్మాయి మాత్రం ఈ వెనక వీధిలోనే ఉంటుంది."

ఆమె స్కేలును రెండు చేతులతో పట్టుకుంది.

"రేపు పొద్దున్నే వాళ్లింటికి వెళ్దాం," అంది భర్తతో, "కృతజ్ఞతల్లో రాయడానికి మా రెండో సమీక్షకుడి పేరు కావాలి."