పన్నెండో ఎత్తు

పన్నెండో ఎత్తు వేయగానే గ్రాండ్‌మాస్టర్ డ్రా అంటూ చదరంగం బల్ల మీదుగా చెయ్యి చాచాడు. పన్నెండు ఎత్తులకే సంధి చేసుకోవడం ఆయనకు ఇరవై ఏళ్లుగా అచ్చివచ్చిన విద్య. ఓటమి ఎరుగని ధీరుడని పత్రికలు పొగిడింది దాన్నే.

ఎదుట కూర్చున్న శిష్యురాలు ఆ చెయ్యి అందుకోలేదు. "ఆడదాం సార్."

"మతి పోయిందా అమ్మా?" ఆయన గొంతు తగ్గించాడు. "అర పాయింటు వస్తే చాలు, నువ్వూ గ్రాండ్‌మాస్టర్‌వి. ఓడితే మళ్లీ మొదటికొస్తావు. నిన్న ఫోనులో సరేనన్నావుగా!"

"అన్నాను. తర్వాత మీకు గ్రాండ్‌మాస్టర్ బిరుదు తెచ్చిన ఆట తీసి చూశాను."

"మా గురువుగారితో ఆడింది! చరిత్రాత్మకమైన ఆట!"

"అదీ పన్నెండు ఎత్తులే సార్. అందుకే ఆడదామంటున్నాను."

ఆమె తన మంత్రితో ఆయన గుర్రాన్ని తీసేసి గడియారం నొక్కింది. అలవాటు కొద్దీ ముందుకు తోసిన ఆ గుర్రానికి కాపలా లేదన్న సంగతి ఆయన అప్పుడు గాని చూడలేదు.

రెండు చేతులతో తల పట్టుకుని, బల్ల మీదకు వంగి, ఆలోచనలో పడ్డాడు. ఆయన ఆలోచించగా ఎన్నడూ చూడని న్యాయనిర్ణేత, ఒంట్లో బాగాలేదేమోనని కంగారుపడి మంచినీళ్లు తెచ్చిపెట్టాడు.