పసుపు మచ్చల కేసు

శాస్త్రజ్ఞులారా, క్షమించండి. ఈ కథలో మీ శాస్త్రానికి నా చేతుల మీదుగా తీరని అవమానం జరగబోతోంది.

లాన్‌లో పసుపు మచ్చలు చూసి నాన్న గుడ్లురిమాడు. "ఇదంతా నీ కుక్క ఉచ్చ మహిమేరా! రేపటికల్లా దాన్ని ఎవరికైనా ఇచ్చెయ్."

మర్నాడు పొద్దున నాన్నని లాన్‌లోకి లాక్కొచ్చాను. "ఇది కుక్క పని కాదు, పురుగు పని. గడ్డి వేళ్లని పురుగు తినేస్తే అది చాపలా లేచొస్తుంది, చూడు" అంటూ ఒక మచ్చ అంచు పట్టుకుని లాగాను.

చాపలాగే లేచింది. కింద తెల్లపురుగులు మెలికలు తిరుగుతున్నాయి.

నాన్న కుక్క ముందు గొంతుక్కూర్చున్నాడు. "అనవసరంగా నిన్ను ఆడిపోసుకున్నాను రా నాయనా!"

ఇద్దరం కలిసి మట్టి మార్చి, కొత్త గడ్డి పరిచాం.

నేను చేసిందల్లా ఒక్కటే. ఆ పొద్దున నాన్న లేవకముందే ఆ మచ్చ గడ్డిని అడుగున కోసి, ఎరువుకుప్పలో ఏరిన పురుగుల్ని దాని కింద దాచాను. కుక్క సాయం చేయలేదు. పక్కనే కొత్త మచ్చకి కాలెత్తింది.