రేపు పొద్దుగూకేదాక

“తాళం నేనే ఏసిన మేడం. నా ఇల్లు, నా తాళం. తప్పేముంది?”

రామన్నపేట కోర్టులో దివాకర్ గొంతు పెంచి అన్నాడు. భుజం మీది ఇస్త్రీ కండువా చెక్కు చెదరలేదు.

ఎదురుగా అతని కిరాయిదారు పోచయ్య నిలబడి ఉన్నాడు. మార్కెట్లో హమాలీ. భార్య అండాలును దవాఖానలో చేర్చి, బట్టల కోసం ఇంటికొస్తే గేటుకు కొత్త తాళం కనిపించింది. వకీలును పట్టుకుని కేసు వేశాడు.

“ఖాళీ చేయించాలంటే కోర్టుకు రావాలి. మనిషి దవాఖానలో ఉంటే తాళం వేస్తారా?” జడ్జి అడిగింది.

“నా బిడ్డ సుమన కాన్పుకొస్తాంది మేడం. గా కిరాయికిచ్చిన రెండు అర్రలు నాకే కావాలె.”

“అబద్ధం మేడం,” పోచయ్య తల ఎత్తకుండానే అన్నాడు. “అండాలుకు క్యాన్సర్. దినాలు దగ్గర పడ్డయని డాక్టర్లు చెప్పిండ్రు. ఇంట్ల కిరాయిదార్ల శవం లేస్తే ఇల్లు పాడుపెట్టాలెనని, నచ్చత్రం మంచిది కాకుంటే ఆర్నెల్లు దీపం గూడ పెట్టరాదని ఈయన భయం. ‘సచ్చేదేదో బయట సావుండ్రి’ అని నా మొకం మీదనే అన్నడు.”

కోర్టులో సొంత ఇళ్ళున్నవాళ్ళు తలలు దించుకున్నారు. ఆ మాట ఎప్పుడో ఒకప్పుడు ఎవరితోనో ఒకరితో వాళ్ళూ అన్నవాళ్ళే.

దివాకర్ చటుక్కున చేతులు జోడించాడు. “ఛీ, ఛీ! గంత పాపపు మాట నేనెందుకంట మేడం? అండాలు నాకు చెల్లె లెక్క. ఆమె ఎట్లొచ్చినా నా గడప తెరిచే ఉంటది.”

“ఎట్లొచ్చినా?” పోచయ్య అడిగాడు.

“ఎట్లొచ్చినా! నడిచొచ్చినా, మోసుకొచ్చినా. కడుపుతోని ఉన్న నా బిడ్డ మీద ఒట్టు.”

పోచయ్య మొదటిసారి తలెత్తి అతని కళ్ళలోకి చూశాడు.

ఇదే సందని పోచయ్య వకీలు లేచాడు. “ఆరు నెలల గడువు ఇప్పించండి మేడం...”

“వద్దు సార్,” పోచయ్య అడ్డం వచ్చాడు. “రేపు పొద్దుగూకేదాక చాలు. ఎనక తాళంచెవి ఆయన చేతిలనే పెడ్త.”

వకీలు అతని మోచెయ్యి గుంజాడు. “పిచ్చి లేసిందా నీకు? గెలిచే కేసు!”

దివాకర్ పకపకా నవ్వాడు. “గిదేందిరా పోచా! గీ మాత్రం దానికి నన్ను కోర్టు మెట్లెక్కించినవా? ఇంకో దినం ఎక్కువనే ఉండు. దావత్ చేస్కోని పో.”

పోచయ్య పెదాలు ఎండి పగిలి ఉన్నాయి. కోర్టు జవాను జాలిపడి గ్లాసుతో నీళ్ళు తెచ్చిచ్చాడు. అతను గ్లాసు పట్టుకున్నాడు గానీ నోటి దాకా తీసుకుపోలేదు. కిటికీలోంచి బయటి వేపచెట్టు వైపు చూస్తూ నిలబడ్డాడు.

జడ్జి ఉత్తర్వు చెప్పింది. గేటు వెంటనే తెరవాలి. రేపు సాయంత్రం వరకు ఆ ఇల్లు పోచయ్యది, అతని భార్యది. ఆమెను ఏ స్థితిలో తెచ్చినా యజమాని అడ్డు చెప్పరాదు. తోడుగా పోలీసు వెళ్ళాలి.

దివాకర్ చదవకుండానే సంతకం చేశాడు. జేబులోంచి తాళంచెవి తీసి బల్ల మీద పడేశాడు. పోచయ్య దాన్ని తీసి కళ్ళకద్దుకున్నాడు.

“మరి మీ ఆమెను దవాఖాన నుంచి ఎప్పుడు తీసుకొస్తావు?” జడ్జి అడిగింది.

పోచయ్య నీళ్ళ గ్లాసు అట్లాగే బల్ల మీద పెట్టాడు.

“తెచ్చిన మేడం. గా యాపచెట్టు కింద అంబులెన్సుల ఉంది. పొద్దుగాల్నే పానం పోయింది.”